మూకీలకు కథ రాసినవారి పేరూ వేయాలి

సంపాదకులకు నమస్కారం.

ఇటీవల మీ ఆదివారం అనుబంధంలో ఫ్రెంచి మూకీ చిత్రాల మీద వచ్చిన వ్యాసం చదివాను. దర్శకురాలు జెర్మేన్ డ్యులాక్‌కు అందులో సముచిత స్థానం దక్కినందుకు సంతోషమే గాని, ఆమె తొలి చిత్రాలకు కథలు సమకూర్చిన ఇరెన్ ఇల్లెల్-ఎర్లాంజే పేరు ఒక్కచోటా లేదు. ఈ లోపం మీ వ్యాసకర్త ఒక్కరిదే కాదు; మాటలు లేని సినిమాలో రచయితకు పనేముంటుందన్న అభిప్రాయం మనలో పాతుకుపోయింది. నిజానికి సంభాషణ ఆసరా లేనిచోట, పాత్ర మనసులోని మాట ఏ చేష్ట ద్వారా తెలియాలి, ఏ సన్నివేశం వెనుక ఏది రావాలి, తెరమీద అక్షరాలు ఎక్కడ తప్పనిసరి అన్న ఆలోచన కథ దశలోనే మొదలుకావాలి.

1878లో పుట్టిన ఇరెన్ మొదట కవయిత్రి. క్లోద్ లోరే అన్న మారుపేరుతో పద్యాలు ప్రచురించారు. మొదటి ప్రపంచ యుద్ధం నడుస్తుండగా డ్యులాక్‌తో కలిసి చిత్ర నిర్మాణ సంస్థను స్థాపించి, ఇద్దరి ఇంటిపేర్ల మొదటి అక్షరాలతో (ఫ్రెంచి రాతలో ‘ఇల్లెల్’ పలకని హెచ్‌తో మొదలవుతుంది) దానికి ‘డి.హెచ్. ఫిల్మ్స్’ అని పేరు పెట్టారు. అంటే రచయిత్రి ఆనవాలు సంస్థ పేరులోనే ఉన్నా, తరువాత చరిత్ర రాసినవారిలో చాలామందికి అది కనబడలేదు. 1915 నాటి ‘లే సర్ ఎన్నెమీ’, ఆ తరువాతి ‘లా బెల్ దామ్ సాన్ మెర్సీ’ కథలు ఆమెవే. 1919లో ఒక నవల వెలువరించి, మరుసటి ఏడాదే ఆమె మరణించారు. డ్యులాక్‌కు పెద్దపేరు తెచ్చిన ‘లా సూరియాంత్ మదామ్ బ్యుదే’ 1923 నాటిది; అప్పటికి ఇరెన్ లేరు.

అదే డ్యులాక్ 1928లో విడుదల చేసిన చిత్రానికి కథ రాసిన ఫ్రెంచి కవి, నాటకకర్త ఆంతొనిన్ ఆర్తోను మాత్రం మీ వ్యాసం మరువలేదు. ఆయన ప్రసిద్ధుడు, పైగా తన రచనను దర్శకురాలు పాడుచేశారని కినుక వహించినవాడు. గొడవపడని రచయిత్రిని మరచిపోవడం ఎంత తేలికో చూడండి. ఆ కాలంలో రచయితలకు విలువే లేదని సరిపెట్టుకోవడానికీ వీల్లేదు: 1908లోనే ‘ఫిల్మ్ దార్’ అనే ఫ్రెంచి చిత్ర నిర్మాణ సంస్థ, ఫ్రెంచి అకాడమీ సభ్యుడైన నాటక రచయిత ఆన్రి లావెదాన్ చేత కథ రాయించుకుంది. చివరకు 1957 మార్చి నాటి ఫ్రెంచి గ్రంథస్వామ్య చట్టం, దర్శకుడితోపాటు కథా రచయితను కూడా చిత్రానికి కర్తగా గుర్తించింది.

ప్రసంగవశాత్తు మరో మాట. ఏటా మే నెలలో మన పత్రికలు కాన్ చిత్రోత్సవం గురించి పేజీలు నింపుతాయి. 1938లో వెనిస్ ఉత్సవం పోకడ చూసి, ఫ్రాన్సుకూ ఒక చిత్రోత్సవం ఉండాలని ప్రతిపాదించిన ఫిలిప్ ఎర్లాంజే ఈ ఇరెన్ కుమారుడే.

పాత చిత్రాలను పరిచయం చేసేటప్పుడు, ఏ దేశానివైనా సరే, దర్శకుడి పేరు పక్కనే కథ రాసినవారి పేరూ అచ్చువేయడం నియమంగా పెట్టుకోవాలని కోరుతున్నాను. మన ఊళ్లలో మూకీల ప్రదర్శనలు ఏర్పాటు చేసే ఫిలిం సొసైటీలు తమ కరపత్రాల్లోనూ ఇదే పాటిస్తే మేలు. ముందుగా, ఆ వ్యాసం చివర ఇచ్చిన డ్యులాక్ చిత్రాల పట్టికకు ‘కథ’ అన్న గడి ఒకటి చేర్చి, సవరణ ప్రచురించవలసిందిగా మనవి.

భవదీయురాలు,
ఒక పాఠకురాలు, విజయనగరం