భాష మారడం పతనం కాదు

ఫలానా భాషే లోకంలోని భాషలన్నింటికీ తల్లి అనీ, యువతరం మాటతీరు భాషను చెడగొడుతోందనీ పత్రికల్లో నేను తరచు చదువుతున్న రాతలు పాఠకులను తప్పుదారి పట్టిస్తున్నాయి. నోటిమాట శిలాజాలను మిగల్చదు కనుక తొలి భాష ఏదో తేల్చే ఆధారం లేదు; భాష ఎలా పుట్టిందనే విషయంపై పరిశోధన పత్రాలను స్వీకరించబోమని పారిస్ భాషాశాస్త్ర సంఘం 1866లోనే తన నియమావళిలో రాసుకుంది. అయితే 1970ల చివర నుంచి మధ్య అమెరికా దేశమైన నికరాగువాలో బధిరుల పాఠశాలల్లో చేరిన పిల్లలు, పెద్దలెవరూ నేర్పకుండానే, తమలో తాము మెలగుతూ ఒక కొత్త సంజ్ఞాభాషను రూపొందించుకున్న తీరు చూస్తే, భాష పుట్టడానికైనా మారడానికైనా పదిమంది కలయికే ఆధారమని తెలుస్తుంది. ‘క్రొత్త’ను ‘కొత్త’ అన్న తొలివారిని ఆనాటి పెద్దలు మందలించే ఉంటారు. నేడు అదే శిష్టభాష. భాష గురించిన రాతలను పత్రికలు అచ్చువేసే ముందు భాషాశాస్త్రం చదివినవారికి చూపించాలి. పాఠశాల వ్యాకరణంలో భాషాపరిణామంపై ఒక్క పాఠమైనా చేర్చాలి.