ఈసీలో కనపడని కేసు

ఒరేయ్ గుండూ,

నీ ఉత్తరం వచ్చి ఎన్నాళ్ళైందో, జవాబు రాయలేదని తిట్టుకునే ఉంటావు, తిట్టుకో. అమ్మ మోకాలి నొప్పి అలాగే ఉంది, చిన్నోడు పదో తరగతికొచ్చాడు, నా ట్రాన్స్‌ఫర్ ఇంకా తేలలేదు. ఇక అసలు సంగతి విను, నీకు చెప్తే గానీ నా కడుపుబ్బరం తగ్గదు.

బావ స్థలం కొన్నాడని చెప్పాగా, రెండొందల గజాలు. ముప్ఫై ఏళ్ళకి ఈసీ, అదే ఆ స్థలం మీద రిజిస్టరైన లావాదేవీల జాబితా (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీయించాడు, లింకు డాక్యుమెంట్లు, అంటే పాత దస్తావేజులు చూపించుకున్నాడు, ఎక్కడా మచ్చ లేదు. తీరా పునాదికి ముగ్గు పోయిస్తుంటే ఒకావిడ కాగితాలతో దిగింది. అమ్మినాయన చెల్లెలట. నాన్న ఆస్తిలో నాకూ వాటా ఉంది, ఆస్తి పంచమని పార్టిషన్ దావా నడుస్తోంది, మీరు కొన్నది అందులోదే అంది. తేదీ చూస్తే మా రిజిస్ట్రేషన్‌కి వారం ముందు వేసిన దావా! అమ్మినాయనకి ఫోన్ చేస్తే 'నాకప్పటికి సమన్లే అందలేదండీ' అని తాపీగా అంటాడు. ఆ గొంతు వింటే ఇప్పటికీ మండుతుంది నాకు.

బావ సంగతి తెలుసుగా. 'నాకు తెలియక కొన్నాను, పైసాతో సహా కట్టాను, నన్నెవడు కదుపుతాడు' అని ఎగిరాడు. వెంటబెట్టుకుని మన లాయరు అబ్జెక్షన్ దగ్గరికి తీసుకెళ్ళా. వాడేరా, మెస్ సాంబారు మీద కూడా వాదించినవాడు! ఇప్పుడు సివిల్ కేసుల్లో బాగా నలిగాడు. బావ చెప్పిందంతా విని, నిజాయితీగా కొన్నా, తెలియక కొన్నా ఇక్కడ పనికిరాదు అన్నాడు.

1882 నాటి ఆస్తి బదిలీ చట్టం, సెక్షన్ 52. దావా కోర్టులో దాఖలైన రోజు నుంచే లెక్క, సమన్లు అందిన రోజు నుంచి కాదు, డిక్రీ, అంటే కోర్టు తీర్పు ఉత్తర్వు పూర్తిగా అమలయ్యేదాకా నడుస్తుంది. ఈలోగా ఎవరు కొన్నా తీర్పుకి కట్టుబడాల్సిందే. ఆఖరికి డిక్రీ అమలు చేయడానికి కోర్టు అమీనా వచ్చినా, మధ్యలో కొన్నవాడు నాదంటూ అడ్డుపడటానికి లేదు. మరి ఈసీలో ఎందుకు లేదు అంటే, అందులోకి రిజిస్టరైన లావాదేవీలే ఎక్కుతాయట, ఎవరో దావా వేస్తే ఎక్కదు. మహారాష్ట్ర, గుజరాత్‌లలో దావా నోటీసు రిజిస్టర్ చేయించే పద్ధతి ఉందట, మన దగ్గర లేదు. కోర్టు కేసుల వివరాలుండే ఈకోర్ట్స్ సైట్‌లో అమ్మేవాడి పేరు కొట్టి చూసుంటే దొరికేదేమో. ఎవరికి తడుతుంది చెప్పు!

బావ మొహం చూడలేకపోయా. అప్పుడన్నాడు అబ్జెక్షన్, 'మీ సేల్ డీడ్ చెల్లదని ఎవరన్నారు?' అని. అమ్మకం రద్దు కాదట, అమ్మినాయనకి ఎంత హక్కు తేలితే అంతే బావకి వస్తుంది. అసలు భయం ఎక్కడంటే, డబ్బు జేబులో వేసుకున్నవాడు ఇక కేసులో కష్టపడి ఏం వాదిస్తాడు? వాయిదాలకి పోకుండా ఎక్స్‌పార్టీ అయినా, అంటే వాడు లేకుండానే కేసు నడిచిపోయినా అడిగే నాథుడు లేడు, చెల్లెలితో రాజీపడినా నష్టం మనకే. అందుకే సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఆర్డర్ 22 రూల్ 10 కింద, ఆర్డర్ 1 రూల్ 10 కింద మమ్మల్నీ పార్టీగా చేర్చమని పిటిషన్ వేస్తున్నాం. చేర్చడం కోర్టు ఇష్టం, కానీ 2013లో థామ్సన్ ప్రెస్ కేసులో సుప్రీంకోర్టు ఇలా మధ్యలో కొన్నవాళ్ళని చేర్చనిచ్చిందట. చేర్చాక, వాటాలు పంచేటప్పుడు ఈ ముక్కని వీలైతే అమ్మినాయన వాటాలోకే వెయ్యండి అని అడగొచ్చు. అది జరిగితే ఆవిడ వాటా ఆవిడకొస్తుంది, మన స్థలం మనకుంటుంది. హక్కుగా కాదు, కోర్టు న్యాయమనుకుంటేనే.

తమాషా ఏంటంటే, మా అక్క ఆవిడ పక్షమే! 'ఆడపిల్ల వాటా ఎగ్గొట్టి అమ్మింది వాడు, ఆవిణ్ణి తిడతారేం' అని బావ మీద లేచింది. నిజమే కదరా, ఆడపిల్లకీ సమాన వాటా ఇచ్చిన హిందూ వారసత్వ చట్టం 2005 సవరణ వచ్చి ఇన్నేళ్ళైనా ఇంకా... సరే, అది వేరే గొడవ, మొదలుపెడితే నువ్వూ నేనూ మళ్ళీ ఆ రైలు ప్రయాణంలోలా రెండు బెర్తులకి అటూ ఇటూ తిరిగి పడుకోవాలి.

డీడ్‌లో ఒక వాక్యం ఉంటుంది చూడు, 'ఎటువంటి తగాదాలు లేవని, ఉన్నచో నా సొంత ఖర్చులతో పరిష్కరించి' అని? నేనది ఊరికే రాసే ముక్క అనుకునేవాణ్ణి. స్థలం పోతే దాని మీదే అమ్మినాయన దగ్గర డబ్బూ, నష్టపరిహారమూ రాబట్టాలట. అబ్జెక్షన్ దాన్ని ఎర్రసిరాతో గీసుకున్నాడు, కానీ ఆ అమ్మినాయన పేరు మీద ఇంకేమైనా ఆస్తి ఉందో లేదో అని బావ...

ఇదిగో, బయట హారన్ కొట్టేస్తున్నాడు, అఫిడవిట్ మీద సంతకాలకి పోవాలి. నీ సైటు సంగతి ఏమైంది? అడ్వాన్సు ఇవ్వకముందు నాకు ఫోన్ చెయ్యి.

నీ
బక్కోడు