78వ ఏట నటి కాలేదు

సంపాదకులకు,

నమస్కారం. మీ ఆదివారం సినిమా పేజీలో బ్రిటిష్ నటి జోన్ హిక్సన్ గురించి నాలుగు వాక్యాల వార్త వేశారు. ఫొటో ఆమెదే, అగాథా క్రిస్టీ నేర పరిశోధన నవలల్లో హంతకులను పట్టే పెద్దావిడ మిస్ మార్పుల్ అన్న పాత్ర పేరూ సరిగ్గానే రాశారు. శీర్షిక దగ్గరే తప్పు జరిగింది. ‘78వ ఏట నటి అయిన బామ్మ’ అన్నారు. హిక్సన్ పుట్టింది 1906 ఆగస్టు 5న, రంగస్థలం ఎక్కింది 1927లో. బీబీసీలో మిస్ మార్పుల్‌గా మొదటిసారి కనిపించింది 1984 డిసెంబర్ 26న. మధ్యలో 57 ఏళ్లున్నాయి. ఆ 57 ఏళ్లు ఆమె ఇంట్లో ఊరికే కూర్చోలేదు. పనిమనుషులు, నర్సులు, ఇంటి ఓనరమ్మలు, పెద్దింటి వంట చూసుకునే ఆడవాళ్లు, ఇలాంటి పాత్రలు వేస్తూనే ఉన్నారు. సహాయనటి జీవితమంటే అదే. మీ వార్తలో లేకుండా పోయింది సరిగ్గా ఆ జీవితమే.

ఆ పని ఎట్లా ఉండేదో చెప్తే, శీర్షిక ఎంత అన్యాయమో తెలుస్తుంది. ఆమె లండన్‌లోని రాయల్ అకాడమీ ఆఫ్ డ్రమాటిక్ ఆర్ట్‌లో చదువుకున్నారు. ఆ కాలంలో ఇంగ్లండ్ పట్టణాల్లో రెపర్టరీ నాటక కంపెనీలు ఉండేవి. చాలా చోట్ల వారానికో కొత్త నాటకం. రాత్రి ఈ వారం నాటకం ఆడాలి, పగలు వచ్చే వారం నాటకం రిహార్సల్ చేయాలి, మిగిలిన టైములో మాటలు బట్టీ పట్టాలి. చిన్న వేషగాళ్లకు చాలాసార్లు నాటకం మొత్తం చేతికిచ్చేవారు కాదు. వాళ్ల మాటలు, ఒక్కో మాటకు ముందు ఎదుటివాళ్లు పలికే చివరి రెండు మూడు పదాలు మాత్రం టైపు చేసిన కాగితాలు ఇచ్చేవారు. ఆ రెండు పదాలు ఎదుటి నటుడు మింగేస్తే ఈమెకు క్యూ అందదు. హీరో ఒక పేజీ ఎగరగొట్టి ముందుకు పోతే, ప్రేక్షకులకు అనుమానం రాకుండా కథను వెనక్కి తెచ్చే బాధ్యత అప్పుడే టీ ట్రే పట్టుకుని లోపలికొచ్చిన పనిమనిషి మీద పడుతుంది. మన ఒగ్గు కథలో ప్రధాన కథకుడు ఎక్కడన్నా తడబడితే వంతపాడేవాళ్లు మాట అందుకుని నిలబెడతారు గదా, అట్లాంటిదే ఇదీ. వంత తెలిసినవాళ్లకు ఆ పని విలువ వేరే చెప్పనక్కర్లేదు.

1940లలో ‘సీ హౌ దే రన్’ అనే హాస్యనాటకం లండన్‌లో మొదట ఆడినప్పుడు ఐడా అనే పనిపిల్ల వేషం హిక్సన్‌దే. సినిమాల్లోకి 1934లోనే వచ్చారు. 1937లో అగాథా క్రిస్టీ కథ ఆధారంగా తీసిన ‘లవ్ ఫ్రమ్ ఎ స్ట్రేంజర్’లో పనిమనిషి. 1950 నాటి ‘సెవెన్ డేస్ టు నూన్’లో పిల్లులతో కాపురం చేసే ఇంటి ఓనరమ్మ. 1959లో ‘క్యారీ ఆన్ నర్స్’లో వార్డు సిస్టర్. 1961లో ‘మర్డర్ షీ సెడ్’లో మిస్ మార్పుల్‌గా మార్గరెట్ రూథర్‌ఫర్డ్ నటించారు. ఆ సినిమాలో పెద్దింటికి పనికి వచ్చే మిసెస్ కిడర్ ఎవరనుకున్నారు? హిక్సనే. 23 ఏళ్ల తర్వాత తనదయ్యే పాత్రకు పక్కన నిలబడి గిన్నెల పని చూసుకున్నారన్నమాట. 1963 నుంచి 1966 దాకా ‘అవర్ మ్యాన్ ఎట్ సెయింట్ మార్క్స్’ అనే టీవీ సీరియల్‌లో చర్చి ఫాదర్ ఇల్లు చూసుకునే మిసెస్ పీస్.

ఇట్లాంటి పాత్రకు తెర మీద దొరికేది రెండు మూడు నిమిషాలు. అంతలోనే ఆ ఇంట్లో ఆమె ఇరవై ఏళ్ల నుంచి ఉన్నట్టు కనిపించాలి. ఏ తలుపు ఎటు తెరుచుకుంటుందో, ఏ మెట్టు కిర్రుమంటుందో ఆ ఒంటికి తెలిసినట్టుండాలి. కథకు కావలసిన ఒక్క ముక్క చెప్పాలి, కానీ చెప్పడానికే వచ్చినట్టు ఉండకూడదు. అందుకే చేతికి పని పెట్టుకుంటారు. కప్పు తుడవడం, దుప్పటి మడతపెట్టడం, ఊలు అల్లడం. చిక్కంతా అక్కడే. ముందు గది మొత్తం కనిపించేలా ఒక షాట్ తీస్తారు, తర్వాత అదే మాటలతో దగ్గర షాట్లు తీస్తారు. మొదటి షాట్‌లో ‘ఉత్తరం’ అన్న మాట దగ్గర కప్పు కుడిచేతిలో ఉండి, దగ్గర షాట్‌లో అదే మాటకు బల్ల మీద ఉంటే ఆ రెండూ అతకవు. ఎడిటర్ హీరో షాట్ ఉంచుకుని చిన్న పాత్ర షాట్ తీసేస్తాడు. అంటే చేతి లెక్క తప్పితే పోయేది సహాయనటి ముఖమే. ఏ మాటకు ఏ చెయ్యి అన్నది ఎన్ని టేకులైనా తప్పకుండా చేయగలిగినవాళ్లనే డైరెక్టర్లు మళ్లీ మళ్లీ పిలుస్తారు. ఒక నటి అర్ధ శతాబ్దం పాటు పని లేకుండా ఉండలేదంటే కారణం అదృష్టం కాదు, ఈ కచ్చితత్వం.

గుర్తింపు కూడా 1984 దాకా ఆగలేదు. అలన్ ఐక్‌బోర్న్ నాటకం ‘బెడ్‌రూమ్ ఫార్స్’లో ఒకే స్టేజీ మీద మూడు పడకగదులు పక్కపక్కనే ఉంటాయి. అందులో మంచం మీదే కూర్చుని చేపల టోస్టు తినే పెద్దవయసు భార్య డీలియా వేషానికి హిక్సన్‌కు 1979లో న్యూయార్క్‌లో నాటకరంగానికిచ్చే టోనీ అవార్డు వచ్చింది, అదీ సహాయ పాత్రల విభాగంలోనే. 1981లో బీబీసీ ‘గ్రేట్ ఎక్స్‌పెక్టేషన్స్’లో మిస్ హవిషమ్ ఆమే. ఇంకా వెనక్కి పోతే, 1940లలో ఒక నాటకంలో ఆమెను చూసిన అగాథా క్రిస్టీ, ఏదో ఒక రోజు నా మిస్ మార్పుల్‌గా మీరే నటించాలని చీటీ రాసి పంపారు. అప్పటికి హిక్సన్‌కు నలభై దాటలేదో, అప్పుడే దాటాయో. పెద్దావిడ పాత్రకు ఆ వయసులోనే ఆమె పనికొస్తారని రచయిత్రికి కనబడింది.

మార్పుల్ పాత్రలో ఆమె చేసింది చూడండి. కథ విప్పే చివరి సీన్ తప్ప మిగతా అంతటా ఎక్కువగా వింటూ కూర్చుంటారు. ఎదుటివాళ్లు అబద్ధం చెప్తున్నప్పుడు తల కదలదు, కళ్లు మాత్రం ఒక్క క్షణం ఆ మనిషి మీద నిలుస్తాయి, మళ్లీ అల్లిక మీదకు పోతాయి. పక్కన కూర్చుని వినడం 57 ఏళ్లు చేసినవాళ్లకు తప్ప అది రాదు. హీరోయిన్‌గా మొదలైనవాళ్లు ఊరుకోలేరు, ఏదో ఒకటి చేసి చూపు తమవైపు తిప్పుకుంటారు. 12 మార్పుల్ నవలలూ ఆమెతోనే తీశారు. చివరిది 1992 డిసెంబర్ 27న ప్రసారమయ్యే నాటికి ఆమెకు 86. మధ్యలో 1987లో బ్రిటిష్ ప్రభుత్వ గౌరవం ఓబీఈ. 1998 అక్టోబర్ 17న, 92వ ఏట కన్నుమూశారు.

ఆలస్యంగా మొదలుపెట్టిన బ్రిటిష్ నటి కావాలంటే లిజ్ స్మిత్ ఉన్నారు. 1921లో పుట్టి, లండన్‌లో హామ్లీస్ బొమ్మల దుకాణంలో పనిచేస్తుండగా డైరెక్టర్ మైక్ లీ నుంచి పిలుపొచ్చింది. 1971లో ‘బ్లీక్ మొమెంట్స్’ సినిమా. ‘ఎ ప్రైవేట్ ఫంక్షన్’కు 1985లో ఉత్తమ సహాయనటిగా బ్రిటిష్ సినిమా అవార్డు బాఫ్టా. ఆమె విషయంలో కూడా ‘యాభయ్యేళ్లకు నటి అయ్యారు’ అంటే సగమే నిజం. అంతకుముందు ఎన్నో ఏళ్లు చిన్న చిన్న నాటక బృందాల్లో వేషాలు వేశారు, పేరే బయటికి రాలేదు.

ఇప్పుడు మేం అసలు చెప్పదలచుకున్న మాట. హిక్సన్ వేసిన చిన్న వేషాలన్నీ తేదీలతో సహా ఇంత దూరంలో ఉన్న మనం ఎట్లా చెప్పగలుగుతున్నాం? అక్కడ రాసి పెట్టారు కాబట్టి. ‘రేడియో టైమ్స్’ వారపత్రిక 1923 నుంచీ బీబీసీ నాటకాలకు పాత్ర పేరు, దాని ఎదురుగా నటించినవారి పేరు అచ్చువేస్తూ వచ్చింది. 1923 నుంచి 2009 దాకా ఆ జాబితాలన్నీ జీనోమ్ పేరుతో బీబీసీ ఆన్‌లైన్‌లో పెట్టింది, ఎవరైనా వెతుక్కోవచ్చు. నటీనటుల ఫొటోలతో ‘స్పాట్‌లైట్’ డైరెక్టరీ 1927లో మొదలైంది. 1930లో పెట్టుకున్న నటుల సంఘం ఈక్విటీ, ఒకే పేరుతో ఇద్దరిని సభ్యులుగా ఉండనిచ్చేది కాదు. నటుడు డేవిడ్ టెనెంట్ అసలు ఇంటిపేరు మెక్‌డొనాల్డ్. ఆ పేరుతో అప్పటికే ఇంకొకరు ఉన్నందుకు మార్చుకోవలసి వచ్చింది. ఇద్దరి పని ఒకరి ఖాతాలో పడకుండా ఆ నియమం కాపాడేది.

మన దగ్గర ఆ పని ఒకప్పుడు పాటల పుస్తకం చేసేది. సినిమా హాలు బయట అణాలకు, తర్వాత పైసలకు అమ్మిన ఆ నాలుగు కాగితాల్లో తారాగణం ఉండేది, సగం కథ చెప్పి ‘శేషం వెండితెరపై’ అని ఆపేవాళ్లు. సూర్యకాంతం, ఛాయాదేవి, ఋష్యేంద్రమణి, నిర్మలమ్మ పేర్లు పల్లెల దాకా పోవడానికి అదీ ఒక కారణం. ఒక సహాయనటి వేసిన పాత్ర పేరే 1962లో ‘గుండమ్మ కథ’ అని సినిమా పేరయింది. ఇప్పుడు పుస్తకం లేదు. చివరి టైటిళ్లు మొదలవుతుండగానే హాల్లో లైట్లు వేసి గేట్లు తీస్తారు. ఓటీటీలో అయితే టైటిళ్లు తెర మూలకు కుంచించుకుపోయి పక్క సినిమా ప్రకటన వస్తుంది. ఇక మిగిలింది పత్రికే. అందుకే మీకింత చెప్తున్నాం.

డెస్క్‌లో పనిచేసేవారికి కొన్ని మాటలు. ఓటీటీలో టైటిళ్లు కుంచించుకుపోయే ముందు టైటిళ్లు పూర్తిగా చూపించే బటన్ కొన్ని సెకన్లు కనిపిస్తుంది. దాన్ని నొక్కి, ఆపి, ఫొటో తీసుకోండి. అయితే తెలుగు సినిమాల్లో చాలాసార్లు పేర్లు గుత్తగా వేస్తారు, ఎవరిది ఏ పాత్రో ఉండదు. అప్పుడు సినిమా ప్రచారం చూసే పీఆర్ఓ పంపిన కాగితాన్ని నమ్ముకోవద్దు, దాంట్లో మొదటి ఐదారు పేర్లకు మించి ఉండవు. కో డైరెక్టర్‌ను అడగండి. ఎవరిని ఏ సీన్‌కు ఏ రోజు పిలిచారో ఆ చార్టు ఆయన దగ్గర ఉంటుంది. గొంతు ఎవరిదని కూడా అదే ఫోన్‌లో అడగండి, డబ్బింగ్ వేరేవాళ్లు చెప్తే ఆ పేరూ ఇవ్వాలి. సీరియళ్లలో నటి మధ్యలో మారిపోతుంది, టైటిల్‌లో పాత పేరే కొన్నాళ్లు నడుస్తుంది. కాబట్టి ఎపిసోడ్ తేదీ లేకుండా పేరు రాయకండి.

పేర్ల రాత మరో ఇబ్బంది. టైటిల్ ఇంగ్లిష్‌లో వేస్తారు, డెస్క్‌లో మళ్లీ తెలుగులోకి తిప్పుతారు. త, ట తారుమారవుతాయి, ద, డ తారుమారవుతాయి. దుగ్గొండి కాస్తా డుగ్గొండి అవుతుంది. ఆ దుగ్గొండి మండలానికి చెందిన పస్తం మొగిలయ్య 2023లో వచ్చిన ‘బలగం’ చివర భార్య కొమురమ్మతో కలిసి పాడి జనాన్ని ఏడిపించారు, 2024 డిసెంబర్ 19న కన్నుమూశారు. 2022లో పద్మశ్రీ అందుకున్న కిన్నెర కళాకారుడు దర్శనం మొగులయ్య వేరు. ఒకరు మన ఉమ్మడి వరంగల్, ఇంకొకరు నాగర్‌కర్నూల్. ఉత్త ‘మొగిలయ్య’ అని రాస్తే ఇద్దరి జీవితాలూ కలిసిపోతాయి. ఇంటిపేరు, ఊరు, వాయిద్యం మూడూ ఉండాలి. తెలంగాణ శకుంతల విషయంలో ఇంకో రకం పొరపాటుకు అవకాశం ఉంది. పేరు ముందు తెలంగాణ ఉన్నందుకు ఆమె ఇక్కడే పుట్టారనుకుంటారు, కానీ పుట్టింది మహారాష్ట్రలో. ‘మా భూమి’ నుంచి ‘ఒక్కడు’ దాకా ఆమె వేసిన పాత్రలను పేర్లతో సహా ఒక్కచోట పెట్టిన పేజీ ఏ పత్రికలో వచ్చినా మేం కత్తిరించి దాచుకునేవాళ్లం.

సమీక్ష చివర నాలుగు లైన్ల చోటు చాలు. రేటింగ్ చుక్కల కింద పాత్ర పేరు, ఎదురుగా నటించినవారి పేరు, పది మందివి వేయండి. అత్త, మేనత్త, హోటల్ ఓనరు, కానిస్టేబులు, అందరివీ. హీరో పేరు ఎట్లాగూ శీర్షికలో ఉంటుంది కాబట్టి ఇక్కడ అక్కర్లేదు.

హిక్సన్ వార్తకు వచ్చే ఆదివారం అదే పేజీలో ఈ సవరణ వేయమని కోరుతున్నాం: ‘జోన్ హిక్సన్ (1906–1998) 1927లో రంగస్థలం మీద, 1934లో సినిమాల్లో నటన మొదలుపెట్టారు. 57 ఏళ్ల పాటు ప్రధానంగా సహాయ పాత్రలు పోషించి, 1979లో టోనీ అవార్డు అందుకున్న తర్వాత, 1984 నుంచి 1992 దాకా మిస్ మార్పుల్‌గా నటించారు.’

ఇట్లు,
కొందరు రంగస్థల కళాకారులు, సినిమా పాఠకులు
హనుమకొండ