ఇండ్లు ఇచ్చిన్రు, వాడకట్టును చెదరగొట్టిన్రు: మంత్రి గారికి బహిరంగ లేఖ

మంత్రి గారికి నమస్కారం.

హనుమకొండల నాలా (వాన నీళ్లు, మురుగు పోయే కాల్వ) పక్క బస్తీ నుంచి లేపేసినోళ్లల్ల నేనొకదాన్ని సార్. సోమవారం వచ్చిందంటే కలెక్టర్ ఆఫీసుల అర్జీలు తీసుకునే ప్రజావాణికి కాయితం పట్టుకొని పోవుడు, రసీదు తెచ్చుకునుడు, మళ్ల సోమవారం కోసం చూసుడు, ఇదే అయితంది. అందుకే అందరు చూసేటట్టు రాస్తున్న.

2020 ఆగస్టుల వరద మీకు యాదికుంటది. ఆ నీళ్లల్ల మేం కూడ ఉన్నం, అందుకే నాలా వెడల్పు చేస్తమంటే వద్దని ఎన్నడు అనలే. సర్కారోళ్లు డబుల్ బెడ్రూం ఇండ్లిస్తమంటే ఖాళీ చేసినం. కని లాటరీ తీసిన్రు, సగం మందికే వచ్చినయి, అవి కూడ ఒక్క కాడ కాదు, ఒకలు ఈ కొసకు ఒకలు ఆ కొసకు.

560 అడుగుల ఇల్లు, గోడలు గట్టిగున్నయి, కాదంటలేను. కని మా పక్కింటి అవ్వకు షుగరు సార్, కండ్లు సరిగ కనపడయి, కొడుకులు లేరు. బస్తీల ఉన్నప్పుడు పొద్దున ఆమె తలుపు తీయకపోతే మేం పోయి కొట్టేది, ఎవరింట్ల కూర అయితే వాళ్లు గిన్నెల పెట్టి పంపేది, ఎదురింట్ల నర్సింగు చదివే పిల్ల ఇన్సులిన్ సూది ఏసి కాలేజీకి పోయేది. ఇప్పుడు అవ్వకు మూడో అంతస్తు వచ్చింది, లిఫ్టు లేదు. ఆ నర్సింగు పిల్ల ఇంటోళ్లకు ఇల్లే రాలే, కాజీపేట దిక్కు కిరాయికి పోయిన్రు. అవ్వ సూది తనే ఏసుకుంటంది, సిరంజి మీద గీత కనపడక మందు ఎంత గుంజుతందో ఆమెకే తెల్వది. మొన్న రాత్రి కింద పడితే తెల్లారిందాక ఎవలు చూడలే. పక్కోళ్లు చెడ్డోళ్లు కాదు సార్, వాళ్లు కూడ వేరే బస్తీల నుంచి వచ్చినోళ్లే, ఒకలకొకలు ఎరుకలేదు అంతే.

నేను ఇండ్లల్ల పనికి పోత. పిల్లగాన్ని అవ్వ కాడ ఇడిసి పోయేది, ఇప్పుడు ఎంబడి తీస్కపోతే ఆ ఇంటోళ్లు గులుగుతున్నరు. చిట్టీలు, బతుకమ్మ, పాడె మోసేటోళ్లు, అన్ని చెదిరిపోయినయి, చెప్పుకుంటపోతే ఒడువది.

ఇల్లు రానోళ్లను ఇందిరమ్మ ఇండ్లకు పెట్టుకోమంటున్నరు. ఇల్లు కట్టుకునేటందుకు సర్కారిచ్చే ఆ 5 లక్షలు ముందుగాల సొంత జాగ ఉన్నోళ్లకే గద. సర్కారు జాగల ఇల్లు కట్టుకొని ఉంటున్నోళ్లకు పట్టాలిచ్చే 58 జీవో కింద 125 గజాల లోపు పట్టాలియ్యుమని అడిగితే నాలా పక్క జాగ మీది కాదన్నరు, ఇప్పుడేమో జాగ చూపెట్టుమంటున్నరు. ఏడికెల్లి తేవాలె సార్?

మిగిలినోళ్లకు ఇండ్లియ్యండ్రి, మమ్ముల ఒక్క కాడ ఉండనియ్యండ్రి. అది కాకుంటె మాలో మేం ఇండ్లు మార్చుకునేటందుకు పర్మిషనన్న ఇయ్యండ్రి, అవ్వను కిందికి దించుకుంటం. ఒక్కసారి మాతోని మాట్లాడుండ్రి సార్, ఏడికి రమ్మంటే ఆడికి అందరం వస్తం. పొద్దున మాత్రం పెట్టకుండ్రి, పనులు పోతయి, రాత్రి ఏడు దాటినంక పెట్టుండ్రి.