ఇంగ్లీషులో పరుగెత్తేది తెలుగులో నడుస్తుంది

సంపాదకులు గారికి,

నమస్కారం. అనువాద వార్తల్లో ఈమధ్య పరుగులు ఎక్కువయ్యాయి. బ్యాంకు మీద పరుగు, అధ్యక్ష పదవికి పరుగు, ఆఖరికి ముక్కు కూడా పరుగెడుతోంది. వీటన్నిటి వెనకా ఉన్నది మూడే మూడు అక్షరాల ఇంగ్లీషు మాట, 'రన్'. అనువదించేది మనిషైనా యంత్రమైనా తప్పు ఒక్కచోటే జరుగుతోంది. రన్ కనబడిన మరుక్షణం 'పరుగు' అని రాసేయడం, ఆ తర్వాత మిగతా వాక్యాన్ని దానికి అతికించడం. ఈ మాటను తెలుగు చేసేటప్పుడు చూపు ఎక్కడ పెట్టాలో రాస్తే డెస్కులో పనిచేసేవారికి ఉపయోగపడుతుందని ఈ ఉత్తరం.

1989లో వచ్చిన ఆక్స్‌ఫర్డ్ ఇంగ్లీష్ డిక్షనరీ రెండో కూర్పులో అన్నిటికన్నా ఎక్కువ చోటు తీసుకున్న మాట 'సెట్'. క్రియగానే దానికి 430 అర్థాలు చూపారు. 2011 నాటికి సవరణలో రన్ దాన్ని దాటేసింది. క్రియగా దాని అర్థాలు 645. ఆ ఒక్క మాటను తేల్చడానికి నిఘంటుకారుడు పీటర్ గిల్లివర్‌కు తొమ్మిది నెలలు పట్టింది. ఇన్నిటిని బట్టీ పట్టడం ఎవరి తరమూ కాదు, పట్టనక్కరా లేదు. వాక్యంలో పరుగెడుతున్నది ఏమిటి, రన్ వెనకాలే కర్మ ఉందా, ఆ తర్వాత వచ్చే చిన్న మాట ఏది, ఈ మూడూ చూస్తే చాలావరకు దారి దొరుకుతుంది. రన్ అనే మాటను మాత్రం చివరికి చూడాలి.

ముందు నీళ్ళ సంగతి. ఇంగ్లీషుకు చుట్టమైన జర్మన్‌లో 'రెన్నెన్' అంటే పరుగెత్తడం, 'రిన్నెన్' అంటే పారడం, కారడం. అక్కడ రెండు మాటలు విడివిడిగా నిలిచాయి. ఇంగ్లీషులో ఆ రెండు పనులూ ఒక్క రన్ మీదే పడ్డాయి. కాబట్టి నీరు రన్ అవుతోందంటే కవిత్వం ఏమీ లేదు, అది ఆ మాటకు పుట్టుకతో వచ్చిన అర్థమే. తెలుగులో దీనికి ఒక మాట సరిపోదు. దారి పట్టుకుని పోయేది పారుతుంది, చుక్కచుక్కగా కిందికి వచ్చేది కారుతుంది. కాలువ పారుతుంది, ముక్కు కారుతుంది. గోడకు వేసిన రంగు రన్ అయిందంటే చారలుగా కారిందని. పూత మందంగా వేసినా, రంగును మరీ పలచన చేసినా అలా అవుతుంది. ఉతికినప్పుడు బట్ట రంగు రన్ అయితే అది కారడం కూడా కాదు, రంగు దిగడం. 'రన్ ఎ బాత్' అంటే తొట్టిలో నీళ్ళు నింపడం. స్నానం ఇంకా మొదలే కాలేదు.

వీటిలో 'రన్నింగ్ వాటర్' ఒక్కటి మాత్రం నవ్వి వదిలేయదగ్గది కాదు. కాలిన గాయాన్ని చల్లని రన్నింగ్ వాటర్ కింద 20 నిమిషాలు ఉంచమని ప్రథమ చికిత్స సూచనల్లో ఉంటుంది. దాన్ని 'ప్రవహించే నీరు' అంటే చదివినవాడికి నది గుర్తొస్తుంది. 'చల్లని నీరు' అని కుదిస్తే గిన్నెలో నీళ్ళు పోసి చెయ్యి ముంచుతాడు, ఆ కాసిని నీళ్ళు ఒంటి వేడికి కాసేపట్లోనే వెచ్చబడతాయి. 'కొళాయి కింద ధారగా పడే చల్లని నీళ్ళు' అని రాయాలి. మాటలు రెండు ఎక్కువైనా సరే.

ఇక అసలు విషయం. సంస్థలు, బళ్ళు, యంత్రాలు ఇంగ్లీషులో పరుగెడతాయి, తెలుగులో నడుస్తాయి. బడి నడుపుతాం, పత్రిక నడుపుతాం, బస్సు నడుస్తుంది, ప్రభుత్వం నడుస్తుంది. ఇందులో వేగం ఊసే లేదు. రెండు భాషలూ కాళ్ళ మాట తీసుకుని కాళ్ళను మరిచిపోయాయి, అంతే. 'ప్రభుత్వాన్ని పరుగెత్తిస్తున్నారు' అని రాస్తే తెలుగులో ఇంకో అర్థం వస్తుంది, అది మెచ్చుకోలో తిట్టో సందర్భాన్ని బట్టి ఉంటుంది. నడవనివి కొన్ని ఆడతాయి. నాటకం రెండేళ్ళు ఆడింది, మర ఆడుతోంది. ఫ్యాను తిరుగుతుంది. చర్చ సాగుతుంది. 'నాటకం రెండేళ్ళు నడిచింది' అన్నా తప్పు లేదు గానీ 'ఆడింది' అన్నప్పుడు ఉన్న నిండుదనం అందులో లేదు. కంప్యూటర్ ప్రోగ్రామును రన్ చేయడానికి 'అమలు చేయు' అంటున్నారు. అది చట్టాలకు నప్పే మాట, నా ఉద్దేశంలో 'ప్రోగ్రాం నడపడం' దానికన్నా నయం, అందరూ అనే 'రన్ చేయడం' ఇంకా నయం.

ఇక్కడే ఒక వ్యాకరణ చిక్కు ఉంది. ఇంగ్లీషులో ఫ్యాక్టరీ రన్ అవుతుంది, యజమాని ఫ్యాక్టరీని రన్ చేస్తుంది, క్రియారూపం ఒకటే. తెలుగులో రూపం మారుతుంది: నడుచు, నడుపు, ఆడు, ఆడించు, పారు, పారించు, తిరుగు, తిప్పు. రన్ వెనకాలే కర్మ ఉంటే రెండో రూపం తీసుకోవాలి. యంత్రానువాదం పొడవైన వాక్యాల్లో ఈ కర్మను వదిలేసి, యజమానురాలినే పరుగెత్తిస్తుంది. కర్మ తర్వాత దారి చెప్పే మాట ఉంటే అర్థం మళ్ళీ మారుతుంది. గోడలోంచి కేబుల్ రన్ చేయడమంటే తీగ లాగడం. నది వెంట దారి రన్ అవుతోందంటే దారి సాగుతోందని, అక్కడ కదిలేదేమీ లేదు. కదలని వస్తువును పట్టుకోడానికి ఇంగ్లీషే ఒక గుర్తు ఇస్తుంది. దారి, గోడ, సరిహద్దు లాంటివాటికి సాధారణంగా 'రన్స్' అంటారు, 'ఈజ్ రన్నింగ్' అనరు.

చిన్న మాటలు చేరినప్పుడు ఎక్కువ మంది తడబడేది 'రన్ అవుట్ ఆఫ్' దగ్గర. ఇంగ్లీషులో కర్త మనిషి, తెలుగులో కర్త అయిపోయిన వస్తువు, మనిషి 'కు' విభక్తిలోకి జరుగుతాడు. 'వారు ఇంధనం అయిపోయారు' అన్నది ఈ మార్పు మరిచిపోతే పుట్టే వాక్యం. 'వారికి ఇంధనం అయిపోయింది' అనాలి. అయిపోయేది ఏదన్నదాన్ని బట్టి క్రియ మారుతుంది. గడువు తీరుతుంది, ఓపిక నశిస్తుంది, సరుకులు నిండుకుంటాయి. 'లేవు' అనడం అశుభమని మనవాళ్ళు తిరగేసి చెప్పిన ఈ 'నిండుకొను' చక్కని మాటే గానీ, దాన్ని బ్యాటరీకి వాడకండి. 'ఫోను బ్యాటరీ నిండుకుంది' అని చదివినవారిలో సగం మంది ఛార్జింగ్ పూర్తయిందనుకుంటారు. బ్యాటరీకి ఇంగ్లీషువారు 'రన్ డౌన్' అంటారు, మనకు ఛార్జింగ్ అయిపోవడం ఉంది. అదే రన్ డౌన్ మనిషి మీద ప్రయోగిస్తే చులకన చేసి మాట్లాడటం. వాహనం కర్త అయితే గుద్ది పడేయడం.

'రన్ ఇంటు' కూడా అంతే. స్నేహితుడు తారసపడతాడు, గోడను గుద్దుకుంటాం, చిక్కుల్లో పడతాం, ఖర్చు లక్షల్లోకి వెళ్తుంది. 'రన్ ఓవర్' అయితే ప్రమాదకరం. కారు మనిషిని రన్ ఓవర్ చేసిందంటే తొక్కించింది, సమావేశం రన్ ఓవర్ అయిందంటే అనుకున్న సమయం దాటింది, గిన్నె రన్ ఓవర్ అయితే పొర్లిపోయింది. ఈ మూడింటిని తారుమారు చేస్తే వార్త మారిపోతుంది. వీటి మధ్య ఒక ముచ్చటైన జోడీ కూడా ఉంది. ఒక ఆలోచనను ఎవరితోనైనా 'రన్ బై' చేయడానికి తెలుగులో అచ్చంగా సరిపోయే పలుకుబడి, 'ఆయన చెవిన వేయడం'. యంత్రం ఇంతవరకు ఈ మాట ఇవ్వగా నేను చూడలేదు.

రన్ తర్వాత విశేషణం వస్తే ఆ క్రియకు 'అవు' అన్నంత అర్థమే మిగులుతుంది. 'రన్ డ్రై' అంటే ఎండిపోవడం, 'రన్ లో' అంటే అడుగంటడం. 'ఫీలింగ్స్ రన్ హై' అంటే ఆవేశాలు పెచ్చరిల్లడం. 'ఐ యామ్ రన్నింగ్ లేట్' అన్నవాడికి ఆలస్యమవుతోందని అర్థం, నిజంగానే పరుగెడుతున్నాడేమో మనకనవసరం. నామవాచకం తర్వాత రన్నింగ్ వస్తే, 'త్రీ డేస్ రన్నింగ్' లాగా, అది 'వరుసగా'. క్రీడల పేజీలో 'రన్స్' పరుగులే, సందేహం లేదు. ఆరోగ్య పేజీలో ఒక పిల్లవాడికి 'ద రన్స్' అని ఉంటే విరేచనాలు.

ఎన్నికల వార్తల్లో మనకొక సౌకర్యం ఉంది. అమెరికాలో పదవికి రన్ చేస్తారు, బ్రిటన్‌లో స్టాండ్ చేస్తారు. తెలుగులో మనమూ నిలబడతాం, లేదా బరిలో దిగుతాం. అమెరికా వార్తే అయినా తెలుగు అభ్యర్థిలాగే నిలబెట్టవచ్చు. 'రన్నింగ్ మేట్' గుర్రప్పందేల మాట, ఒక గుర్రానికి తోడుగా, వేగం అందించడానికి దించే రెండో గుర్రం. వార్తలో 'ఉపాధ్యక్ష అభ్యర్థి' అంటే సరిపోతుంది, 'పరుగు సహచరుడు' అక్కర్లేదు. 'రన్నాఫ్' అంటే మొదటి విడతలో ఎవరికీ కావలసినన్ని ఓట్లు రానప్పుడు జరిగే మలి పోలింగ్. ఫ్రాన్స్ అధ్యక్ష ఎన్నికలో సగానికి మించి ఓట్లు ఎవరికీ రాకపోతే మొదటి ఇద్దరి మధ్య రెండో విడత పెడతారు. ఇదే మాట వాన వార్తలో ఉంటే నేలలో ఇంకకుండా పైన పారిపోయే నీరు.

'బ్యాంక్ రన్' గురించి కాస్త ఆగి చెప్పాలి. బ్యాంకు డిపాజిట్లలో ఎక్కువ భాగాన్ని దీర్ఘకాలం అప్పులుగానో బాండ్లుగానో పెట్టి, కొంతే నగదుగా ఉంచుకుంటుంది. అందరూ ఒకేసారి అడిగితే ఆస్తులను నష్టానికి అమ్మాలి, ఆ నష్టం వార్త బయటికి పొక్కితే మిగిలినవారూ అడుగుతారు. బాగానే ఉన్న బ్యాంకు కూడా ఇలా కూలవచ్చు. 2023 మార్చి 9న అమెరికాలోని సిలికాన్ వ్యాలీ బ్యాంకు నుంచి ఖాతాదారులు ఒక్కరోజులో 4,200 కోట్ల డాలర్లు తీసుకోబోయారు, మర్నాడు నియంత్రణ సంస్థలు దాన్ని మూసేశాయి. ఆ డబ్బు కదిలింది చాలావరకు ఫోన్లలో, కంప్యూటర్లలో. అక్కడ పరుగెత్తినవారు ఎవరూ లేరు. ఇలాంటిచోట తెలుగుకు 'ఎగబడు' ఉంది: 'డిపాజిట్లు వెనక్కి తీసుకోవడానికి ఖాతాదారులు ఎగబడ్డారు'. భయం, తొందర, గుంపు మూడూ ఆ ఒక్క మాటలో వచ్చేస్తాయి.

గణాంకశాస్త్రంలో రన్ అంటే ఒకే ఫలితం వరసగా రావడం. నాణెం ఆరుసార్లు ఎగరేస్తే బొమ్మ, బొమ్మ, బొరుసు, బొరుసు, బొరుసు, బొమ్మ పడ్డాయనుకోండి. అందులో రన్‌లు మూడు, వాటి పొడవులు రెండు, మూడు, ఒకటి. కంప్యూటర్లలో బొమ్మల ఫైళ్ళను కుదించే ఒక పద్ధతి దీన్నే వాడుకుంటుంది. వరసగా 40 తెల్ల చుక్కలుంటే నలభైసార్లు రాసే బదులు '40 తెలుపు' అని ఒక్కసారి దాస్తారు. ఈ అర్థానికి 'వరస' చక్కగా సరిపోతుంది. పేకాటలో ఒకే రంగు ముక్కలు క్రమంగా రావడమూ రన్ అనే అంటారు.

'డ్రై రన్'ను ఉత్తుత్తి ప్రయోగమనో రిహార్సల్ అనో అనొచ్చు, 'పొడి పరుగు' మాత్రం వద్దు. 'రన్ ఆఫ్ ద మిల్' అంటే మర నుంచి రకాలుగా వేరు చేయకుండా వచ్చిన సరుకు, దాని నుంచే 'మామూలు బాపతు' అనే అర్థం వచ్చింది. మేజోడుకు రన్ వచ్చిందంటే ఒక కుట్టు తెగి పొడవునా జారిందని. కోళ్ళ రన్ అంటే అవి తిరగడానికి కంచె వేసిన చోటు.

పత్రికలవారికి సొంత రన్‌లు ఉన్నాయి. వార్తను రన్ చేయడమంటే వేయడం. ప్రింట్ రన్ అంటే ఒక విడతలో అచ్చువేసే ప్రతుల సంఖ్య. ప్రూఫు దిద్దేవారి 'రన్ ఆన్' గుర్తుకు అర్థం కొత్త పేరా మొదలుపెట్టకుండా పై పేరాతో కలిపేయమని. ఈ ఉత్తరానికి చోటు చాలకపోతే పేరాలను అలాగే రన్ ఆన్ చేయండి. కోత తప్పకపోతే పేకాట, కోళ్ళు, మేజోళ్ళు తీసేయండి. కాలిన గాయం దగ్గర కొళాయి ధార మాత్రం ఉంచండి.

ఇట్లు,
ఒక అనువాదకుడు