ఆ కథను కొట్టేయకండి

సంపాదకులకు నమస్కారం.

మా మనవరాలు తొమ్మిదో తరగతి. లెక్కలేనన్ని లోకాలు తిరుగుతూ నీతి చెప్పే తత్త్వవేత్త మీద కథ రాసింది. అరండల్‌పేటలో కొట్టతను పొరపాటున వంద ఎక్కువిస్తే, 'ఇంకో లోకంలో తిరిగిచ్చేసి ఉంటాలే' అని ఒకడు జేబులో వేసుకుంటాడు. తత్త్వవేత్త వాణ్ణి ఆపి, 'ఆ లోకం నోటు ఈ కొట్లో చెల్లదు' అంటాడు. నాకు కళ్లు చెమర్చాయి. బడిలో మాత్రం సిలబస్‌లో లేదని ఎర్రసిరాతో అడ్డంగా కొట్టేశారు.

ఇది పిల్లచేష్ట కాదండీ. సాధ్యమైన లోకాలన్నీ నిజంగానే ఉన్నాయన్న అమెరికా తత్త్వవేత్త డేవిడ్ లూయిస్, అలాగైతే ఇక్కడ మంచి చేసి ఏం లాభమన్న ప్రశ్నకు 1986లో తన పుస్తకంలో జవాబు చెప్పుకోవలసి వచ్చింది.

మీ పిల్లల పేజీలో ఇలాంటి కథలకు కాస్త చోటివ్వండి. మా పిల్ల మళ్లీ కలం పట్టడం లేదు.

– ఒక విశ్రాంత లెక్కల మాస్టారు, బ్రాడీపేట, గుంటూరు