కేసు కట్టించుకోవడానికి కోర్టు మెట్లెక్కాలా?

ఆంధ్రప్రదేశ్ హోం మంత్రి గారికి,

నమస్కారం. ఒక చిన్న పట్టణంలో మేజిస్ట్రేట్ కోర్టులో ప్రాక్టీస్ చేస్తున్న న్యాయవాదిని. "సార్, స్టేషన్‌లో కేసు కట్టడం లేదు, కోర్టు నుంచి చెప్పించండి" అంటూ నా దగ్గరికి వచ్చేవాళ్లు తగ్గడం లేదు. అందుకే మీకు రాస్తున్నాను.

మొన్న ఒక రైతు కూలీ మహిళ వచ్చింది. గట్టు తగాదాలో బంధువులు కర్రతో కొడితే ముంజేయి ఎముక విరిగింది. ఎక్స్‌రే కవరు, ఆసుపత్రి చీటీ, కట్టు కట్టిన చెయ్యి అన్నీ కళ్లెదుటే ఉన్నాయి. అయినా స్టేషన్‌లో రైటర్ కాగితం తీసుకుని, "సీఐ గారు బందోబస్తుకు వెళ్లారు, రేపు రామ్మా" అన్నాడట. మర్నాడు వెళ్తే అవతలివాళ్లను పిలిపించి రాజీ పడమన్నారు. రశీదు అడిగితే కసిరారు. ఆమె ఫిర్యాదు ఇచ్చిందనడానికి ఇప్పుడు ఆమె మాట తప్ప ఆధారం లేదు.

ఎముక విరగ్గొట్టడం ఏడేళ్ల దాకా శిక్ష పడే నేరం. ఇలాంటి ఫిర్యాదు అందితే ఎఫ్‌ఐఆర్ కట్టి తీరాల్సిందేనని లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు అయిదుగురు జడ్జీల ధర్మాసనం 2013 నవంబరు 12న తేల్చి చెప్పింది. కట్టని అధికారిపై చర్య తీసుకోవాలనీ, అందిన సమాచారం జనరల్ డైరీలో, అంటే స్టేషన్ రోజువారీ రిజిస్టరులో, ఎక్కాలనీ అదే తీర్పులో ఉంది. ఎఫ్‌ఐఆర్ కట్టినంత మాత్రాన అరెస్టు చేయనక్కర్లేదని కూడా ఉంది. కాబట్టి తప్పుడు కేసులు పెరుగుతాయన్న భయం సాకు కాకూడదు.

2024 జూలై 1 నుంచి పాత సీఆర్‌పీసీ స్థానంలో అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 173వ సెక్షన్ ఉంది. స్టేషన్‌లో తీసుకోకపోతే ఎస్పీకి రాతపూర్వకంగా పోస్టులో పంపాలి, అక్కడా కదలిక లేకపోతే మేజిస్ట్రేట్‌ను ఆశ్రయించాలి. అదే చట్టం 175(3) సెక్షన్ కింద వేసే ఆ పిటిషన్‌కు అఫిడవిట్ జత చేయాలి, పోలీసులు చెప్పేదీ కోర్టు వినాలి. అఫిడవిట్ పెట్టించడం తప్పు కాదు, అబద్ధపు ఫిర్యాదులకు అది అడ్డు. కానీ కోర్టు రిపోర్టు అడిగితే స్టేషన్ నుంచి "టైం కావాలి" అని వస్తుంది. వాయిదా పడుతుంది. మళ్లీ వాయిదా. కూలి పోగొట్టుకుని వచ్చిన మనిషి మధ్యాహ్నం దాకా వరండాలో నిలబడి బస్సెక్కి వెళ్లిపోతుంది. ఈలోగా గాయం మానుతుంది, సీసీటీవీ రికార్డు చెరిగిపోతుంది, సాక్షులను అవతలివాళ్లు మంచి చేసుకుంటారు. చివరికి కోర్టు ఆర్డర్ ఇచ్చినా, దర్యాప్తుకు మిగిలేది పాత కాగితాలే.

స్టేషన్ సిబ్బందిని మాత్రమే తప్పుపట్టి ఊరుకోలేను. కేసుల సంఖ్య పెరిగితే సమీక్షలో సీఐకి మాట పడుతుంది. ఆ లెక్కతో పనితీరు కొలిచినంత కాలం ఫిర్యాదును బయటే ఆపాలని ఎవరికైనా అనిపిస్తుంది. ఆ కొలమానాన్ని మీరే మార్చాలి. కేసులు ఎన్ని వచ్చాయని కాకుండా, వచ్చిన ఫిర్యాదుల్లో ఎన్నింటికి రశీదు ఇచ్చారో, ఎన్నింటిని కోర్టు చెప్పాకే కట్టారో అడగండి.

ప్రతి స్టేషన్‌లోనూ ఫిర్యాదు తీసుకున్న వెంటనే తేదీ, స్టాంపు, జనరల్ డైరీ నంబరుతో రశీదు ఇచ్చేలా ఉత్తర్వు ఇవ్వండి. చదువు రానివాళ్లు కూడా దాన్ని చూపించి, "ఇదిగో, ఇచ్చాను" అనగలగాలి. 175(3) కింద ఆర్డర్ వచ్చిన ప్రతి కేసులో, మొదట ఎందుకు కట్టలేదో స్టేషన్ బాధ్యుడైన అధికారి (ఎస్‌హెచ్‌ఓ) నుంచి రాతపూర్వక వివరణ తీసుకోమని ఎస్పీలకు చెప్పండి. సోమవారం ఎస్పీ ఆఫీసులో జరిగే ప్రజా సమస్యల పరిష్కార వేదికకు వచ్చే అర్జీల్లో "కేసు కట్టలేదు" అన్నవాటిని వేరు చేయించి, అవి ఏ స్టేషన్‌వో నెలనెలా మీ ముందుకు తెప్పించుకోండి.

ఇందుకు కొత్త చట్టమేమీ అక్కర్లేదు. మీ సంతకంతో ఒక సర్క్యులర్ చాలు. అది స్టేషన్ గోడ మీద తెలుగులో, అందరికీ కనిపించేంత పెద్ద అక్షరాల్లో అంటించేలా చూడండి.

ఇట్లు,
ఒక న్యాయవాది